గూట్లోంచి అందిన మాట

దగ్గరికి జరిగి కూర్చో తల్లీ, ఆ అల్లిక కాసేపు పక్కన పెట్టు. మన రూసే ఊరి నాటకశాలలో నేను వేషాలకు బట్టలు కుట్టే రోజుల మాట ఇది...

ఆ సాయంత్రం వెలికా రాగి చెంబుతో గడప దగ్గరికి వచ్చింది. నటుడైన భర్త మెతోదీ ఆటకు బయలుదేరినప్పుడల్లా గడప మీద నీళ్ళు పోసి, ఆ తడి మీదుగా సాగనంపడం ఆమెకు నలభై ఏళ్ళ అలవాటు. వెళ్ళే పని నీళ్ళలా సాఫీగా సాగాలని మనందరం పోసేదేగా! ఆ రోజు మాత్రం నీళ్ళు పోసి తలెత్తేసరికి, ఆయన గేటు దగ్గర ఎటు తిరగాలో తెలియక నిలబడి ఉన్నాడు. పదహారు సినిమాల్లో నటించినవాడు, రొట్టెల కొట్టు ముందు వరుసలో నిలబడితే జనమే ముందుకు పంపే మనిషి... నాటకశాలకు దారి మరిచిపోయాడు! వెలికా పరుగున వెళ్ళి చెయ్యి పట్టుకుంది.

ఆరు నెలలుగా ఆయనకు మతిమరుపు పెరుగుతూనే ఉంది. ఆమె ఎవరికీ చెప్పలేదు. తెలిస్తే వేషం మరొకరికి ఇచ్చేస్తారు, వేషం లేని రోజు ఆయన బతకడని భయం. అప్పట్లో ఆడుతున్న నాటకంలో ఆయన కూతురి వేషం వేసే సొంత కూతురు నెవెనాకి కూడా చెప్పలేదు. పని మాని పింఛను పుచ్చుకుంటున్నా, ఆయన్ని కనిపెట్టుకుని ఉండాలని మళ్ళీ బతిమాలి, తన పాత ప్రాంప్టర్ పనిలో చేరింది. వేదిక ముందంచున నేల కింద చిన్న గూడు ఉండేది. అందులో కూర్చుని, నటుడు తడబడితే తరువాతి మాటలో మొదటి ముక్క అందించడమే ఆ పని. మెతోదీ ఆమెను గూటి పావురమని ఆటపట్టించేవాడు. నెవెనాకి మాత్రం మండిపోయేది.

“ఇంట్లో కూర్చుని బనిత్స రొట్టెలు కాల్చుకోక, నాన్నకి ఇంకా కాపలా ఏమిటమ్మా? నలుగురూ నవ్వుతున్నారు” అంది. వెలికా నాటకం కాగితాలు తీసుకుని గూట్లోకి దిగింది.

ఆ రాత్రి ఆటలో, రెండో అంకంలో మెతోదీ మాట మరిచి ఆగిపోయాడు. ఆమె గూట్లోంచి ఒకసారి అందించింది, రెండుసార్లు అందించింది... ఆయన కిందికి వంగి, పరాయి మనిషిని చూసినట్టు చూశాడు.

“మీరెవరమ్మా? నన్ను ఇంటికి తీసుకెళ్తారా?” అన్నాడు మెల్లగా.

వెలికా ఎదుట ఉన్న కాగితం మసకబారింది. ఆ భయంలో ఆమె నోటి నుంచి వచ్చింది ఈ నాటకంలోని మాట కాదు. ముప్పై ఏళ్ళ కిందట ఇద్దరూ కలిసి పనిచేసిన పాత నాటకంలోది! మెతోదీ వెన్ను నిటారైంది. “దానూబ్ నది గడ్డకట్టినా ఈ పడవ నాదే బిడ్డా” అంటూ ఆ మాటలు తడబడకుండా మొత్తం చెప్పేశాడు.

తెర పక్కన సూది పట్టుకుని నేను కుట్టు ఆపి చూస్తున్నాను. నెవెనా ఏం జవాబిస్తుంది? ఆ నాటకం ఆమె ఎన్నడూ ఆడలేదే! కానీ తల్లీ, ఆ పిల్ల ఆ గూట్లో, అమ్మ ఒళ్ళో ఆ మాటలు వింటూ నిద్రపోతూ పెరిగింది... గూడు వైపు ఒకసారి చూసి, తండ్రి చెయ్యి పట్టుకుంది.

“అయితే నన్నూ ఎక్కించుకో నాన్నా, తెడ్డు నేను వేస్తాను.”

జనానికి ఏమీ తెలియలేదు. తెర పడగానే నెవెనా తల్లి ముందు మోకాళ్ళ మీద కూలబడింది. ఎన్నాళ్ళుగా అని అడిగింది. ఆరు నెలలు అంది తల్లి.

“ఒక్కదానివే మోశావా అమ్మా... నాకెందుకు చెప్పలేదు?”

“నటుడు ఎదుటివాళ్ళ కళ్ళు చూసి నిలబడతాడు తల్లీ. నీ కళ్ళల్లో భయం కనిపిస్తే మీ నాన్న ఆ రోజే పడిపోయేవాడు.”

అదే ఆయన ఆఖరి ఆట. తరువాత కూడా రోజూ సాయంత్రం కోటు తొడుక్కుని, ఆటకు వేళైందా అని అడిగేవాడు. వెలికా గడప మీద నీళ్ళు పోసేది. నెవెనా చెయ్యి పట్టుకుని వీధి చివరి దాకా నడిపించి, వెనక్కి తెచ్చేది. “ఇవాళ జనం బాగా వచ్చారు పావురమా” అనేవాడు. వెలికా నవ్వేది... చెంబు మాత్రం గట్టిగా పట్టుకునేది, రేపు ఆ పేరు కూడా మరిచిపోతాడేమోనని.

నువ్వు గడప మీద నీళ్ళు పోసి ఎవరినైనా సాగనంపేటప్పుడు ఈ కథ చెప్పు తల్లీ. మెతోదీ పేరు అందరూ చెబుతారు. నువ్వు వెలికా పేరు చెప్పు. అది ఏ పోస్టరు మీదా లేదు.