తీతకు ముందు తుడుపు

శోభకు పొద్దున తాగిన చాయ్ ఎప్పుడూ గుర్తుండదు. ఆమె ఆపరేటర్‌గా ఉన్న స్మృతిపీఠం జ్ఞాపకాలనే సాక్ష్యంగా చూసే కోర్టు. అది తెరవగానే యంత్రం పరీక్షకు టోపీ తన తలకే పెట్టుకుని, అప్పుడే తాగిన చాయ్‌ని తలుచుకుంటూ ఎడమ మీట నొక్కుతుంది: తీత. గోడతెర మీద చాయ్ గ్లాసు, దాన్ని పట్టుకున్న తన వేళ్లు కనబడతాయి. బొమ్మ సరిగ్గా ఉందనుకుంటే కుడి మీట నొక్కుతుంది: తుడుపు. అది ఆ చాయ్‌నీ, టోపీ కింద గడిచిన కాసేపటినీ కలిపి పట్టుకుపోతుంది. బల్ల మీద ఖాళీ గ్లాసు, నాలుక మీద కొంచెం తీపి మిగులుతాయి. ఇన్నేళ్ల కొలువులో ఆమె సర్కారుకు ధారపోసిన చాయ్‌తో ఒక గోళెం నిండుతుంది.

నల్లదుబ్బ పంచాయతీ వ్యాజ్యంలో అది రెండో రోజు. సర్పంచిగా బాలమణి గెలిచింది. ఓడిపోయిన జనార్దన్‌రావు ఆ ఎన్నిక చెల్లదని పిటిషన్ వేశాడు. తిరిగి లెక్కపెట్టడానికి ఓటు కాగితాలు లేవు; ఓటు రహస్యంగా ఉండాలని చట్టం వాటిని ఎప్పుడో ఎత్తేసింది. యంత్రంలో మొత్తాలు తప్ప ఏమీ నిలవవు. రహస్యం మిగిలింది ఓటరు తలలో మాత్రమే కాబట్టి చట్టం ఇప్పుడు తలలోకే చేయి పెట్టింది. తీసిన జ్ఞాపకాన్ని వెంటనే తుడిచేయాలి, అది కూడా రహస్యం కాపాడటానికేనట. తీత పడని ఓటు మాత్రం మొదటి లెక్కలో ఎలా ఉందో అలాగే నిలుస్తుంది.

గోడతెర ముందు కూర్చునే హక్కు ఇరుపక్షాలకూ ఉంది. బాలమణి ఒక మూల కూర్చుంది. జనార్దన్‌రావు ముందు వరుసలో కాలు మీద కాలేసుకుని, ఒక్కో ఓటరు వేలు ఏ గుర్తు మీదికి పోతోందో చూస్తున్నాడు. తీర్పు వచ్చేదాకా ఊరి నల్లాలకు నీళ్లు వదిలే లోతుబోరు తాళం పాత సర్పంచి దగ్గరే ఉండాలని స్టే తెచ్చుకున్నాడు. ఆ పాత సర్పంచి అతనే. నిన్నటి తీతలో బాలమణికి వేసినట్టు తేలినవాళ్ల ఇళ్లకు ఈ ఉదయం నల్లా రాలేదు. తామెవరికి వేశామో వాళ్లకే గుర్తులేదు కాబట్టి, ఎందుకు రాలేదో కూడా తెలియదు. శోభ వస్తుంటే ఖాళీ బిందెలు పెట్టుకుని ఒకరి మొహం ఒకరు చూస్తూ నిలబడ్డారు.

"కొమురవ్వ!" పిలుపు వినబడింది.

జనార్దన్‌రావు పొలాల్లో కూలికి పోయే ముసలామె. పరదా వెనక కుర్చీలో ముడుచుకుని కూర్చుంది. శోభ టోపీ సర్దుతుంటే మెల్లగా అడిగింది.

"బిడ్డా, నేను ఎవలికేసిన్నో దొర జూస్తడా?"

"చూస్తడవ్వా."

"ఓట్ల ముందు ఆయినె పసుపు బియ్యం పట్టిచ్చి ఒట్టు వెట్టిచ్చుకుండు, తనకె ఎయ్యాల్నని. నేనేమొ..."

శోభ చప్పున ఆమె నోటికి చేయి అడ్డం పెట్టింది. "చెప్పకవ్వా. నాకు తెలిస్తె నా తలలకెల్లి తీస్తరు."

కొమురవ్వ ఆ చేతిని పక్కకు జరిపింది. "పుట్టినకాడికెల్లి నా ఇష్టమున్నట్టు జేసింది గా ఒక్క పనే బిడ్డా."

ఇంక తెలియాల్సింది ఏమీ లేదు. రేపు ఈమె నల్లా కూడా ఆగిపోతుంది. మీటల వంక చూస్తూ శోభ అంది: "ముందుగాల తుడిచేస్తె తెర మీద ఏం రాదు. గని గా దినం నీకు గూడ ఉండది. మళ్ల రాదు."

ముసలామె కళ్లు మూసుకుంది. "జర ఆగు. ఒక్కసారి మంచిగ జూస్కుంట." పెదవులు కదిలాయి, చిన్నగా నవ్వింది కూడా. "ఊఁ. ఇగ తుడువు."

మీటలు తిరగేసి నొక్కేవాళ్లు ఉంటారని యంత్రం చేసినవాడికి తట్టలేదు. శోభ కుడిది నొక్కి, ఆ తర్వాత ఎడమది నొక్కింది. గోడతెర తెల్లగా ఉండిపోయింది.

"ఎవలికేసిన్నో ఏమో." కుర్చీ దిగుతూ కొమురవ్వ తడి కళ్లను కొంగుతో ఒత్తుకుంది. "మంచిగనె ఏసుంట తియ్." శోభకు ఏడుపు ఆగలేదు.

జనార్దన్‌రావు వకీలు లేచి గోల పెట్టాడు. పట్నం నుంచి పీఠాధికారి గొంతు గోడలోంచి పలికింది. "ఆపరేటర్ కుర్చీలో కూర్చోవాలి. పొరపాటా, కావాలనా, ఆమె ఏం చెప్పింది, అన్నీ తీతలో రావాలి."

వేరే ఆపరేటర్ లేడు. రోజూ చేసుకునే పనే కదా అన్నట్టు శోభ టోపీ పెట్టుకుంది. కొమురవ్వ మాటల్నీ, తన వేలు కుడి మీట మీదికి పోవడాన్నీ తలుచుకుంది. ఈ కొలువులో దాచుకోదగ్గది ఇదొక్కటే దొరికింది. అదీ ఇప్పుడు పోతుంది. ఆ ముసలి నవ్వును ఇంకొకసారి చూసుకుని కుడి మీట నొక్కింది.

"ఈమె కూడా తుడిచేసుకుంది! ముసలిదానికి ముందే తుడిచింది, ఇప్పుడు తనకి!" వకీలు అరుస్తున్నాడు.

శోభ అయోమయంగా చుట్టూ చూసింది. కొమురవ్వను పిలిచిన సంగతి గుర్తుంది, తనను కూర్చోమన్నదీ గుర్తుంది. మధ్యలోది లేదు. ఖాళీ గ్లాసులాగా దాని ఆనవాళ్లే ఉన్నాయి: జనార్దన్‌రావు దించిన కాలు, మూలలో లేచి నిలబడ్డ బాలమణి, తన చెంపల మీద తడి.

పీఠాధికారి నియమాల పుస్తకం తిరగేస్తున్న చప్పుడు గోడలోంచి వినబడింది. ఇలాంటిదానికి నియమం లేదు. నియమం లేనిచోట వరుస ఆగరాదన్నదే పీఠం నియమం.

"తర్వాతి ఓటరు."

మేకలు కాసే సాయిలు వచ్చి పరదా వెనక కూర్చున్నాడు. "అక్కా, అవ్వకు జేసినట్టె నాకు గూడ ముందుగాల తుడువు. వకీలు ఒర్రుడు బయటిదాంక ఇనొచ్చింది. అందరు గదే అంటున్నరు."

"నేను గట్ల జేసిన్నా?"

"జేసినవట."

ఎందుకు చేసిందో, ఏ ధైర్యంతో చేసిందో ఆమెకు తెలియదు. ఆ ధైర్యం కూడా దాంతోనే పోయింది. పరదా అవతల వకీలు బూట్ల చప్పుడు దగ్గరవుతోంది. పొద్దున చూసిన ఖాళీ బిందెలు మాత్రం గుర్తున్నాయి.

"గా దినం మళ్ల రాదన్నా," అంది. "ఒక్కసారి మంచిగ జూస్కో."

సాయిలు కళ్లు మూసుకున్నాడు. శోభ కుడి మీట మీద వేలు పెట్టి, అతను తలూపేదాకా ఆగింది.