రెండు అఫిడవిట్లు

మే నెల. శనివారం. ఉదయం 7.12.

కెనడాలో, నోవా స్కోషియా తీరంలోని రేడియో కేంద్రానికి సముద్రం మీద నుంచి ఒక పిలుపు వచ్చింది. ముందు గరగర. మొదటి మాట అందులో కొట్టుకుపోయింది. తర్వాత ఒక పసిగొంతు.

"...మళ్ళీ వచ్చింది. నాన్న నీళ్ళలో పడిపోయాడు."

7.40కి తీర రక్షకదళం చేరింది. లాబ్‌స్టర్లనే పెద్ద రొయ్యలు పట్టే పడవ ఉన్నచోటే గుండ్రంగా తిరుగుతోంది. లోపల తొమ్మిదేళ్ళ టిల్లీ ఒక్కతే ఉంది. తండ్రి రూపర్ట్ నికర్సన్ జాడ లేదు.

ఒడ్డుకు తెచ్చాక టిల్లీ నోరు విప్పలేదు. ఏడవనూ లేదు.

"వాళ్ళమ్మే మేడమ్!" అన్నాడు కానిస్టేబుల్ బోయిడ్. "మళ్ళీ వచ్చింది అంటే ఇంకెవరు? పిల్ల కోసం ఏడాదిగా కోర్టులో కొట్టుకున్నారుగా."

సార్జెంట్ డెల్ఫీన్ సురెట్ ఆ టేప్ రెండుసార్లు విన్నది.

9.30కి టిల్లీ తల్లి లెనోరాను స్టేషన్‌కి పిలిపించారు. రూపర్ట్ అక్క హేజెల్ అప్పటికే అక్కడుంది.

"ఏం తల్లీ, ఇప్పుడు నీ కడుపు చల్లబడిందా?" అంది హేజెల్.

లెనోరా తలెత్తలేదు.

"పొద్దున ఆరు నుంచి ఏడున్నర దాకా ఎక్కడున్నావ్?" డెల్ఫీన్ అడిగింది.

"ఇంట్లో. పడుకున్నాను."

"నిన్న సాయంత్రం నుంచీ నీ కారు ఇంటిముందు లేదట. పక్కింటావిడ చెప్పింది."

లెనోరా కిటికీ వైపు తిరిగింది.

"లెనోరా, ఇది హత్య కేసు కావచ్చు. తెలుస్తోందా?"

"ఏమైనా అనుకోండి మేడమ్. నేను చెప్పలేను."

హత్యానేరం మీద పడుతున్నా చెప్పలేనంత సంగతి ఏమిటి? అనుకుంది డెల్ఫీన్.

11 గంటలకు ఆమె రేవులో కట్టిన పడవ ఎక్కింది. ఒక మూల నుంచి ఇంకో మూలకు నెమ్మదిగా నడిచింది. పెనుగులాట గుర్తుల్లేవు. వేరే పడవ రాసుకున్న గీతా లేదు. చక్రం ముందు ఒక చెక్కపెట్టె బోర్లించి ఉంది.

"ఎర చేపలు వేసుకునే పెట్టె మేడమ్," అన్నాడు బోయిడ్.

డెల్ఫీన్ కాలితో తోసింది. కదల్లేదు. నేలకు మేకులతో బిగించారు. పైన రంగు రెండుచోట్ల అరిగిపోయింది. రెండు చిన్న బూట్ల మేర. పక్కన గోడకి నడుముకు పెట్టుకునే పట్టీ ఒకటి వేలాడుతోంది. పెద్దవాళ్ళ కొలత. కొక్కెం అరిగి మెరుస్తోంది.

మధ్యాహ్నం ఆమె కోర్టు కాగితాలు తెప్పించుకుంది. మూడు వారాల కిందటి తీర్పు. పాప ఒక వారం తండ్రి దగ్గర, ఒక వారం తల్లి దగ్గర. ఉప్పూ నిప్పుగా ఉన్న మొగుడూ పెళ్ళాలు అఫిడవిట్లలో ఒకరినొకరు పల్లెత్తు మాట అనలేదు. పాప క్షేమానికి భంగం కలిగించే జబ్బుగానీ అలవాటుగానీ ఇద్దరిలో ఎవరికైనా ఉన్నదా? ఇద్దరి జవాబూ ఒకటే. 'లేదు.'

4.15కి అందరినీ ఒక గదిలో కూర్చోబెట్టింది. టిల్లీ మేనత్త పక్కన కూర్చుంది.

"పడవలోకి ఎవరూ రాలేదు," అంది డెల్ఫీన్. "వచ్చింది మనిషి కాదు. మూర్ఛ. టేపులో గరగరలో పోయిన మాట అదే."

హేజెల్ నోరు తెరుచుకుంది. "మా వాడికి మూర్ఛేమిటి?"

"నడుముకు పట్టీ పెట్టుకుని తనను తాను గోడకి కట్టేసుకుని నిలబడేవాడమ్మా. ఎప్పుడు పడిపోతాడో తెలియక. రొయ్యలు పట్టే బుట్టలు నీళ్ళలోంచి పైకి లాగేటప్పుడు మాత్రం పట్టీ విప్పక తప్పదు. ఇవాళ అప్పుడే వచ్చింది. ఆ పెట్టె ఎక్కి పడవ నడిపేది టిల్లీ. పొద్దున పడవ దానంతటది తిరగలేదు. ఈ పిల్లే తిప్పింది. నాన్న పడిన చోటు చుట్టూ."

డెల్ఫీన్ లెనోరా వైపు తిరిగింది. "నీకు తెలుసు. మరి కోర్టుకెందుకు చెప్పలేదు?"

లెనోరా కూతురి వైపు చూసింది. "చెబితే నాది చెప్పేవాడు."

"ఏమిటి నీది?"

"తాగుడు. మానేశానని అందరికీ చెప్పాను. మానలేదు. రాత్రంతా క్వారీ దగ్గర కార్లో స్పృహ లేకుండా పడి ఉన్నాను మేడమ్. నాది నువ్వు చెప్పకు, నీది నేను చెప్పను అనుకున్నాం. చెబితే పిల్ల దక్కదని... ఇద్దరికీ అదే భయం."

ఒడ్డుకు వచ్చాక మొదటిసారిగా టిల్లీ మాట్లాడింది.

"నాన్న సంగతి అమ్మ చెప్పొద్దంది. అమ్మ సంగతి నాన్న చెప్పొద్దన్నాడు. నన్నెవరూ అడగలేదు."

గదిలో ఎవరూ ఎవరి ముఖం చూడలేదు.

ఆదివారం సాయంత్రం రూపర్ట్ శవం రాళ్ళ ఒడ్డుకు కొట్టుకొచ్చింది. దేహం మీద ఎవరో చేసిన గాయాలేవీ లేవు.

సోమవారం ఉదయం పదింటికి లెనోరా, లాయరు వద్దంటున్నా, కోర్టులో లేచి నిలబడింది. రూపర్ట్ జబ్బు చెప్పింది. తన సీసాల సంగతి చెప్పింది. జడ్జి కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు.

"కోర్టుకు కళ్ళు లేవమ్మా. మీరు చూపించినంతే కనబడుతుంది," అన్నాడు. "మీరిద్దరూ పిల్లను చూపించారు. పిల్ల ఎక్కబోయే పడవను దాచారు."

ప్రస్తుతానికి టిల్లీని మేనత్త ఇంట్లో ఉంచమన్నాడు. తల్లి వచ్చి చూసిపోవచ్చు, పక్కన హేజెల్ ఉండగా మాత్రమే. లెనోరా అభ్యంతరం చెప్పలేదు.

తర్వాత జడ్జి పాపను తన గదికి పిలిపించాడు. డెల్ఫీన్ చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళింది.

"నాకు చెప్పాలనుకున్నవి ఏమైనా ఉన్నాయా తల్లీ?"

టిల్లీ వెనక్కి తిరిగింది. తెరిచిన తలుపులోంచి తల్లి ముఖం వైపు చూసింది.

లెనోరా చెప్పమన్నట్టు తల ఊపింది.

టిల్లీ చెప్పడం మొదలుపెట్టింది. మధ్యాహ్నం దాకా ఆపలేదు.