గుడ్డ కింద ఒడి

పసిపిల్లల ఫొటో తీయడమంత తలనొప్పి పని మా వృత్తిలో ఇంకొకటి లేదు. పెళ్ళివాళ్ళు చెప్పినట్టు వింటారు, ముసలివాళ్ళు కదలమన్నా కదలరు. ఈ పసివాళ్ళకే నడుం నిలవదు, మెడ నిలవదు, కూర్చోబెట్టిన చోట తడిబట్టలా ఒరిగిపోతారు. కార్డుల మీద అతికించే ఫొటో అయితే మరీ చిక్కు. వెనక అంతా తెల్లగా ఉండాలి, ముఖం తిన్నగా ఉండాలి, పట్టుకున్నవాళ్ళ చేతులు కనబడకూడదు.

అందుకని మేం ఒక ఉపాయం చేస్తాం. తల్లిని కుర్చీలో కూర్చోబెట్టి నెత్తి మీద నుంచి పాదాల దాకా తెల్ల దుప్పటి కప్పేస్తాం. బిడ్డను ఆ దుప్పటి మీదే ఒడిలో పెడతాం. తల్లి లోపల నుంచి నడుం పట్టుకుని కూర్చుంటుంది. ఫొటోలో బిడ్డ తప్ప ఏమీ కనబడదు. ముడతలూ వేళ్ళ నొక్కులూ మిగిలితే కంప్యూటర్లో తుడిచేస్తాను. దుప్పటి కింద కూర్చునే తల్లులు రకరకాలు. ఒకామె కూర్చున్నంతసేపూ అత్తగారి మీద చాడీలు చెప్పింది, ముఖం కనబడదు కాబట్టి మొహమాటం లేదు. ఇంకొకామె చూస్తుండగానే గుర్రు పెట్టింది. పాపం, ఆ మాత్రం చీకటి ఆమెకు ఇంట్లో దొరికి ఉండదు.

ఏళ్ళ తరబడి ఇదే పని చేస్తే కంటికి ఒక అలవాటు పడుతుంది. నేను దుప్పటిని చూడను. అక్కడొక మనిషి ఉందన్న సంగతి నా మనసు పట్టించుకోదు. బిడ్డ కళ్ళు, బిడ్డ గడ్డం, బిడ్డ మీద పడే వెలుతురు, అంతే. ఆ అలవాటే నా కొంప ముంచింది.

నాకూ ఒక పాప ఉంది. అప్పటికింకా పాకడం రాదు, ఆసరా లేకుండా కూర్చోవడం రాదు. మా ఆయన లారీ నడుపుతాడు, ఇంట్లో ఉండే రోజులకంటే రోడ్డు మీద ఉండే రోజులే ఎక్కువ. స్టూడియో వెనకే మా ఇల్లు, మధ్యలో ఒక పరదా. పురిటి మంచం దిగీ దిగగానే నేను మళ్ళీ కెమెరా పట్టుకున్నాను. పట్టుకోకపోతే గడవదు. పాలు తొందరగానే ఎండిపోయాయి. సీసా పట్టడం, స్నానం చేయించడం, జోకొట్టడం అన్నీ మా అత్తయ్య చేతుల మీదుగానే జరిగాయి. ఇక చెప్పేదేముంది, పాప ఆవిడ మనిషైపోయింది. నేనెత్తుకుంటే విల్లులా వంగిపోయి ఏడ్చేది. "అలవాటు లేదు కదమ్మా" అని ఆవిడ జాలిగా అనేది. ఆ జాలిలో కాస్త గర్వం ఉందని నా అనుమానం. నాకు అనుమానాలు ఎక్కువని మా ఆయన అంటాడు. కావచ్చు. కానీ కన్నబిడ్డ నన్ను చూసి పక్కకు తిరుగుతుంటే నాకు కడుపు రగిలిపోయేది, అబద్ధమెందుకు.

అందుకే పాపను పగలు, పసిపిల్లల్ని చూసుకునే క్రెష్‌లో వేద్దామని పట్టుబట్టాను. బిడ్డ లోకం చూస్తుందని పైకి చెప్పాను కానీ అసలు సంగతి వేరు, అత్తయ్య ఒడి నుంచి విడిపించాలి. అత్తయ్యకు అది తెలుసు. క్రెష్‌వాళ్ళు కార్డుకు ఫొటో అడిగారు.

ఆ సాయంత్రం వాన పట్టుకుంది. ఇక ఎవరూ రారని షట్టర్ సగానికి దించాను. గదంతా తడి గోడల వాసన, వేడెక్కిన బల్బుల వాసన. రేకుల మీద వాన తప్ప ఇంకో చప్పుడు లేదు. కుర్చీ మీద దుప్పటి వేసి, పరదా వైపు తిరిగి, "అత్తయ్యా, పాప లేచి ఉంటే తీసుకొచ్చి కూర్చోండి, ఒక పనైపోతుంది" అని కేకేశాను. జవాబు రాలేదు. ఆవిడ ఎప్పుడూ చెప్పగానే పలకదు, కాబట్టి నాకు కొత్తగా అనిపించలేదు. వెలుతురు పరిచే లైటు గొడుగు సరిచేస్తూ వంగి ఉండగా వెనక చెప్పుల చప్పుడు వినబడింది. కుర్చీ కిర్రుమంది. నేను తలెత్తేసరికి దుప్పటి నిండుగా ఉంది, ఒడిలో పాప ఉంది.

పాప ఏడవడం లేదు. ఒరిగిపోవడం లేదు. నిటారుగా కూర్చుని, తల పైకెత్తి, దుప్పటిలో ముఖం ఉండే చోటుకేసి చూస్తూ నవ్వుతోంది. నాకు ఒళ్ళు మండింది. ఈవిడ ఒడిలో చూడు ఎంత బుద్ధో అనుకున్నాను.

"అత్తయ్యా, తల కాస్త దించండి. నీడ పడుతోంది."

దుప్పటి తల వంగింది.

"ఇంకొంచెం."

ఇంకొంచెం వంగింది. మనిషి మెడ వంగేదానికంటే ఎక్కువే వంగిందని ఇప్పుడు అనిపిస్తుంది. అప్పుడు మాత్రం వెలుతురు బాగా కుదిరిందని సంతోషించాను. వరసగా తీస్తూ పోయాను. పాప నా చిటికెలకు తిరగలేదు, గిలక్కాయకు తిరగలేదు. మెల్లగా ఒక వాసన మొదలైంది. పచ్చిపాల వాసన, బాలింత ఒంటి మీద ఉండే తియ్యటి, వెచ్చటి వాసన. నా ఒంటి మీద కొన్నాళ్ళే ఉండి పోయిన వాసన అది. మా ఇంట్లో ఇప్పుడు ఎవరి దగ్గర నుంచి వస్తుందది? ఆ ప్రశ్న వచ్చినట్టే వచ్చి పోయింది. పనిలో ఉంటే నా మనసు అంతే, అక్కర్లేనివి గుమ్మంలోనే ఆపేస్తుంది.

దుప్పటి కింద చెయ్యి పాప తొడ మీద నెమ్మదిగా జోకొడుతోంది.

వెనక తలుపు గడియ చప్పుడు. పరదా తొలగింది. మా అత్తయ్య నిలబడి ఉంది. చేతిలో నీళ్ళోడుతున్న గొడుగు, ఇంకో చేతిలో పాల ప్యాకెట్.

"పాప ఎప్పుడు లేచింది?" అంది పాదాలు తుడుచుకుంటూ. "నిద్రపోతోంది కదా, ఇంట్లో పాలచుక్క లేదు కదా అని వెళ్ళాను." కుర్చీ వైపు చూసి, మామూలుగా, ఎవరో పరాయి మనిషి వచ్చి కూర్చుందనుకున్నట్టు గొంతు తగ్గించి అడిగింది. "ఎవరమ్మా ఆవిడ?"

కెమెరా బల్ల మీద పెట్టేశాను...

జోకొడుతున్న చెయ్యి ఆగలేదు.

నేను అటువైపు అడుగు వేశాను. దుప్పటి కదలడం లేదు. లోపల ఊపిరి ఆడితే ముక్కు దగ్గర గుడ్డ కాస్త లోపలికి పోయి పైకి రావాలి. రావడం లేదు...

"పాపను ఇలా ఇవ్వు" అన్నాను.

చెయ్యి ఆగింది.

చేతులు చాచాను. పాప నన్ను చూసింది. చూసి, ముఖం తిప్పేసుకుని, ఆ దుప్పటి గుండెల్లో దాచుకుంది. అప్పుడు నాకు భయం కంటే ముందు ఏడుపు వచ్చింది. నిజం. నా బిడ్డ దానికేసి తిరిగింది...

పాప చంకల కింద చేతులు వేసి లాగాను. అవతల నుంచి లాగలేదు. వదలనూ లేదు. పాప ఒంటి మీద నా వేళ్ళు, వాటి పక్కనే గుడ్డ లోపల నుంచి ఇంకొకరి వేళ్ళు. వెచ్చగా ఉన్నాయి. వాటి గోరొకటి నా గోరుకు తగిలింది. మరుక్షణం వదిలేశాయి. దుప్పటి కుర్చీ మీదకు కూలిపోయింది, అంతే. కింద ఎవరూ లేరు. కూర్చునే చోట చెయ్యి పెట్టి చూశాను. ఎవరో అప్పుడే లేచి వెళ్ళినంత వేడి.

పాప ఊరంతా వినబడేలా ఏడ్చింది. పాప పెదవి చివర తెల్లగా ఒక చుక్క ఉంది. అత్తయ్య దాన్ని వేలితో తుడిచి వాసన చూసింది. నా వైపు చూసింది. ఆ రాత్రి పాప సీసా ముట్టలేదు, కడుపు నిండినవాళ్ళు పడుకున్నట్టు పడుకుంది.

మర్నాడు మా ఆయన వచ్చాడు. నేను చెప్పిందంతా విని తల గోక్కున్నాడు. అత్తయ్యను అడిగాడు. "కుర్చీ మీద దుప్పటి ఉంది, దాని మీద పాప ఉంది, అంతే నేను చూసింది" అందావిడ. మరి ఎవరమ్మా ఆవిడ అని అడిగారు కదా అన్నాను. అడగలేదంది. ముఖం మీదే అంది. ఆవిడ అబద్ధమాడుతోందా, నేనే లేని మాట విన్నానా? ఇద్దరిలో ఎవరిని అనుమానించాలో తెలియక ఇద్దరినీ అనుమానించాను.

ఫొటోలు తెరిచి చూపించాను. నడుం దగ్గర రెండు పక్కలా వేళ్ళ నొక్కులు. అవి సరే. మరి పాప తల వెనక గుడ్డ ఉబ్బి జుట్టు నిమురుతున్నట్టున్న చెయ్యి ఎవరిది? మా ఆయన అవి ముడతలన్నాడు. ఫొటోల పని నాదా ఆయనదా?

నన్ను డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్ళారు. ఆమె మంచిదే. కసురుకోకుండా విని, నిద్ర చాలని తల్లుల మనసు ఖాళీలను తనకు తోచినట్టు నింపుకుంటుందని చెప్పింది. పాపను నేనే మంచం మీద నుంచి తెచ్చి కూర్చోబెట్టి, మర్చిపోయి ఉంటానంది. పసివాళ్ళ సంగతి అడిగితే, వాళ్ళ మనసుకు ముఖం తర్వాత, ముందు ఒడి అంది. ఎవరి ఒడి వెచ్చగా ఉంటే వాళ్ళే అమ్మ. ధైర్యం చెప్పాలనే అంది, పాపం. నాకు మాత్రం ఆ కుర్చీలోని వేడి గుర్తొచ్చింది.

ఇంటికొచ్చాక నాకు వినబడేలాగే తల్లీ కొడుకులు ఒక మాట అనుకున్నారు. నాకు నెమ్మదించేదాకా పాపను ఆడపడుచు ఇంట్లో ఉంచుతారట. ఆదివారం తీసుకెళ్తారట. నెమ్మదించడమంటే ఏమిటో, అది ఎవరు తేలుస్తారో చెప్పలేదు. నన్నూ పాపనూ ఒక గదిలో ఒంటరిగా వదలడం మానేసింది అత్తయ్య. వంట చేస్తూ కూడా తొంగి చూసేది. పాపేమో నన్ను చూస్తే మునుపటిలాగే ఏడ్చేది. ఒక్కసారి నా దగ్గరికి వస్తే చాలు, ఎవరూ తీసుకెళ్ళలేరని నా పిచ్చి ఆశ.

శనివారం పొద్దున తలంటుకున్నాను. కుళాయి కట్టేసి, స్నానాల గది తలుపు దగ్గరగా వేసి, తడిజుట్టు మీద తువ్వాలు కప్పుకుని హాల్లోకి వచ్చాను. తువ్వాలు పెద్దది, ముఖం మీదుగా గుండెల దాకా జారింది. తల తుడుచుకుంటూ ఉండగా కింద చాప మీద నుంచి ఒక గొంతు వినబడింది.

"అమ్మ."

పాప దిండుకు ఆనుకుని కూర్చుని ఉంది. తువ్వాలు అంచు కింద నుంచి నాకు పాప చేతులు మాత్రమే కనబడుతున్నాయి. రెండూ నా వైపు చాచి ఉన్నాయి. అప్పటిదాకా పాపకు ఆ మాట రాదు.

ఎత్తుకున్నాను. ఏడవలేదు. తువ్వాలు మీద నుంచే నా చెంపకు చెంప ఆనించి, మెడ కింద తల దూర్చి, పెద్ద నిట్టూర్పు విడిచింది. నా ఒళ్ళంతా కరిగిపోయింది. తువ్వాలు తీయబోయి ఆగాను. ముఖం చూస్తే మళ్ళీ ఏడుస్తుందేమో. పాప నన్ను ఎవరనుకుంటోందో నాకు అర్థమైంది. అర్థమైనా తీయలేదు. ఎవరనుకుంటే ఏం, నా చేతుల్లోనే కదా ఉంది అనుకున్నాను.

వంటింటి గుమ్మంలో అత్తయ్య అడుగులు ఆగిపోయాయి.

"ఎవరు నువ్వు?" అంది, గుసగుసగా.

"నేనేనండీ, అత్తయ్యా."

ఆవిడ పాదాలు స్నానాల గది వైపు తిరిగాయి. తర్వాత, ఇంకా చిన్న గొంతుతో...

"మరి లోపల స్నానం చేస్తున్నదెవరు?"

అప్పుడు విన్నాను. స్నానాల గదిలో నీళ్ళ చప్పుడు. బకెట్లో చెంబు ముంచడం... ఒంటి మీద పోసుకోవడం... మళ్ళీ ముంచడం. నేను దగ్గరగా వేసి వచ్చిన తలుపు లోపల నుంచి బిగించి ఉంది.

అత్తయ్య పాప కోసం చేతులు చాచింది. నేను పాపను ఇవ్వలేదు. పాప కూడా ఆవిడ వైపు తిరగలేదు, నా మెడను ఇంకా గట్టిగా పట్టుకుంది. నీళ్ళ చప్పుడు ఆగింది. చెంబు నేల మీద పెట్టారు.

లోపల నుంచి నా గొంతు అడిగింది. "అత్తయ్యా, పాప లేచిందా?"

ఆ తర్వాత, గడియ తీస్తున్న చప్పుడు.