ధర్మవరం పక్కన నాలుగోది

హిందూపురంలో కిరాణా కొట్టు పైగది కీర్తనది. కింద నాయన షట్టరు సగం దించుకుని కునుకు తీస్తున్నాడు. బయట ఎండ మండిపోతోంది. మెట్ల మీంచి ఎండుమిరప ఘాటు పైకి వస్తోంది.

ఆ గదిలోనే ఆరు నెలలు కూర్చుని, నెట్‌వర్క్ ఉద్యోగాల ఇంటర్వ్యూల్లో చూపించడానికి సొంత ల్యాబ్ కట్టింది కీర్తన. నిజం రూటర్లు కొనలేక, పాత ల్యాప్‌టాప్‌లోనే దానికి బరువు కాకుండా నడిచే బుల్లి సాఫ్ట్‌వేర్ రూటర్లు మూడు తయారుచేసింది. వాటికి ఊళ్ల పేర్లు పెట్టింది: ధర్మవరం, పెనుకొండ, హిందూపురం. పక్కన కూర్చుని అంతా చూసింది స్నేహితురాలు హేమావతి, ధర్మవరంలో పట్టుమగ్గం నేసేవాళ్ల అమ్మాయి.

ఈ పొద్దున ఇంటర్వ్యూలో ఆ ల్యాబ్ చూపిస్తే అవతలాయన నవ్వాడు.

"నిన్న హేమావతి ఇదే చూపించింది కదమ్మా. ఆమెది తెచ్చినావా?"

హేమకు ల్యాబ్ కాపీ ఇచ్చింది తనే. అడగ్గానే, నమ్మి ఇచ్చింది. అక్కడ ల్యాప్‌టాప్ మూసేసి లేచి వచ్చేసింది. ఇంటికొచ్చినప్పట్నుంచి ఫోన్ చేస్తూనే ఉంది. హేమ ఎత్తదు.

ల్యాబ్ తెరిచింది. తెర మీద నాలుగు రూటర్లు. ధర్మవరం పక్కన కొత్తది. పేరు హేమ.

"ఈడికి కూడా వచ్చినావా" అని గొణిగి, హేమ దూరం నుంచి మళ్లీ చొరబడకుండా ఇంటర్నెట్ ఆపేసి, దాన్ని చెరిపేసింది.

మళ్లీ చూసింది. అది పెనుకొండ పక్కన ఉంది.

ఫోన్ మోగింది. హేమ అన్న కృష్ణకాంత్. గొంతు బొంగురుపోయింది.

"హేమ లేదమ్మా... పొద్దున తొమ్మిదింటికి ధర్మవరం బయట ఆటో బోల్తా పడింది."

కీర్తన ఫోన్‌ను చెవికి గట్టిగా నొక్కుకుంది.

"కడదాకా నీ పేరే అనిందమ్మా. నీకాడికే పోవల్లంట."

అడగాలనుకున్న ఒకే ఒక్క మాట, ఎందుకు చేసినావే అన్న మాట, గొంతులోనే ఉండిపోయింది. ఇక దానికి జవాబు చెప్పేవాళ్లు లేరు. ఏడుపు రాలేదు. కోపమే వచ్చింది.

మిరప ఘాటు ఎప్పుడు పోయిందో... గదంతా తడిసిన పట్టునూలు వాసన.

తెర మీద... హేమ ఇప్పుడు హిందూపురం పక్కన ఉంది.

"ఇంకా ఏం కావల్ల నీకు?" గుసగుసగా అడిగింది.

కింద నాయన గురక ఆగింది. ఎక్కడా చప్పుడు లేదు.

ల్యాబ్ లోపల ఎవరెవరున్నారో చూపించే కమాండ్ కొట్టింది. రెండు వరసలు వచ్చాయి.

హేమావతి. ఈరోజు పొద్దున తొమ్మిది గంటల పది నిమిషాల నుంచి.

కీర్తన. రేపు సాయంత్రం నాలుగు నుంచి.