శుక్రవారం రొట్టెలో వెన్న

"ఆగు. మళ్లీ గుడ్డు నేరుగా పిండిలో కొట్టేస్తున్నావా?"

హొదయా కేకకి నదవ్ చెయ్యి గాల్లోనే ఆగిపోయింది. "మరెక్కడ కొట్టమంటావు, నీ నెత్తి మీదా?"

"ముందు గ్లాసులో కొట్టి చూడాలి. రక్తపు చుక్క ఉంటే పారేయాలి, యూదులం మనం రక్తం తినకూడదు. ప్రతివారం చెప్పాలా? మీ కిబ్బుట్జు ఉమ్మడి పొలంలో ఆవుల పాలు పితకడం తప్ప ఆచారాలేమీ నేర్పలేదా నీకు?"

నదవ్ బుద్ధిగా గ్లాసు అందుకున్నాడు. తప్పదు మరి. జెరూసలేంలో ఆ మేడ మెట్ల మీద అడ్డంగా సైకిల్ పెట్టింది అతనే, దాని మీద పడి కుడిచెయ్యి విరగ్గొట్టుకున్నది కింది వాటా హొదయా. కట్టు విప్పేదాకా, సబ్బాతు అనే విశ్రాంతి దినం కోసం చేసే శుక్రవారం రొట్టె అతనే చెయ్యాలని ఆవిడగారి తీర్పు. ఆ కట్టు ఎప్పటికీ విప్పకపోతే బాగుండునని అతను లోలోపల కోరుకుంటున్నాడు.

"ఇవాళ మా అమ్మమ్మ వస్తోంది," అంది హొదయా. "నిన్ను చూడ్డానికే. కిబ్బుట్జు కుర్రాడికి మన పద్ధతులు ఏం తెలుస్తాయి అంటోంది. అన్నీ తెలుసని చెప్పాను. నా పరువు తియ్యకు."

ఆమె టేబుల్ మీద తెల్లగుడ్డ పరవడానికి వెళ్లింది. నదవ్‌కి కంగారు పుట్టింది. రొట్టె దూదిలా రావాలి, ముసలావిడ వంక పెట్టకూడదు. తన అమ్మ ఏం చేసేదో గుర్తుచేసుకుని ఫ్రిజ్‌లోంచి వెన్నముద్ద తీసి పిండిలో కలిపేశాడు.

పిండి పొంగాక పాయలుగా సాగదీసి జడ అల్లడం మొదలుపెట్టాడు.

"నా జడకన్నా నున్నగా వచ్చిందే," అంది హొదయా.

"నీ జడ అల్లే అవకాశం ఇవ్వలేదుగా, ఇస్తే చూద్దువు."

ఆమె మొహం ఎర్రబడింది. సరిగ్గా అప్పుడే ఫ్రూమా అమ్మమ్మ కోడి సూపు గిన్నెతో లోపలికి వచ్చింది. జడను నాలుగు వైపులా చూసి తలూపింది. "బానే అల్లావు అబ్బాయీ. పొయ్యిలో పెట్టు. ఈ రాత్రి దీన్నే సూపులో ముంచుకు తింటాను."

నదవ్ సూపు గిన్నె వైపు చూశాడు. మాంసంతో పాలూ వెన్నా కలపకూడదని అతనికీ తెలుసు. రొట్టె దగ్గర ఆ ఆలోచనే రాలేదు. చెప్తే ఈ ఇంటి గుమ్మం మళ్లీ తొక్కనివ్వరు. ఊరుకుంటే ఎవరికీ తెలియదు. కిటికీ బయట పొద్దు వాలుతోంది, సూర్యాస్తమయంతో సబ్బాతు మొదలైతే వంట చేయకూడదు, ఇంకో పిండి కలిపే వ్యవధి లేదు.

"అమ్మమ్మగారూ, అందులో వెన్న వేశాను," అన్నాడు.

హొదయా కళ్లు మూసుకుంది. ఫ్రూమా అతన్ని తేరిపార చూసింది.

"చెప్పకపోతే నాకు తెలిసేదా?"

"తెలిసేది కాదు. కానీ నా చేత్తో మీకు పెట్టలేను."

ఆవిడ రొట్టె జడ విప్పేసి, పిండిని నత్తలా గుండ్రంగా చుట్టింది. "వెన్న రొట్టె అని చూడగానే తెలియాలి. హొదయా, సూపు ఫ్రిజ్‌లో పెట్టు. ఈ రాత్రికి చేపా చీజూ, చేప మాంసం కింద రాదు."

"శుక్రవారం రాత్రి కోడి లేకుండానా అమ్మమ్మా?"

"నా పెళ్లయినప్పటినుంచీ కోడి లేని శుక్రవారం లేదు, ఇదే మొదటిసారి. కోడి రేపు మధ్యాహ్నం తిందాం. పద్ధతులదేముంది, నేను నేర్పుతాను. నిజం చెప్పడం ఎవరూ నేర్పలేరు. రేపు నువ్వూ రా అబ్బాయీ." ఆవిడ కొవ్వొత్తులు సర్దడానికి వెళ్లింది.

హొదయా మెల్లగా అతని పక్కకి వచ్చింది. "అంత ధైర్యం ఎక్కణ్ణుంచి వచ్చింది నీకు?"

"ధైర్యమా? చచ్చేంత భయమేసింది. నువ్వంటే ఇష్టం హొదయా. అబద్ధంతో ఈ ఇంట్లోకి రావడం నాకిష్టం లేదు."

హొదయా తల వంచుకుంది. "కట్టు పోయిన వారమే విప్పేయమన్నాడు డాక్టరు," అంది. "నేనే విప్పలేదు."