టోకు ప్రార్థన

ఆ శనివారం మధ్యాహ్నం కెజియా చేతిలో ఉన్న పెట్టుబడి ఇంతే: తెరిచి ఉన్న గాజుల దుకాణం, దాని వెనక గదిలో తలనొప్పితో పడుకున్న అమ్మ, సాయంత్రం గిరాకి మొదలయ్యేదాకా కాస్త టైము.

క్రిస్మస్ దగ్గర పడింది. గోదావరిఖనిలో ఆ రోజుల్లో సాయంత్రమైతే చాలు, దుకాణం ముందు ఆడవాళ్లు గాజుల కోసం నిలబడతారు. అమ్మ లేవకపోతే వాళ్లంతా మూలమలుపు దగ్గరి పెద్ద దుకాణానికి పోతారు. అక్కడ అలవాటు పడ్డ గిరాకి తిరిగి రావడం కష్టం. చదివేది ఐదో తరగతే అయినా, ఈ సంగతి కెజియాకు బాగా తెలుసు.

అమ్మ అనసూర్యది మామూలు తలనొప్పి కాదు. మైగ్రేన్ అని దవాఖానలో డాక్టరమ్మ చెప్పింది. వచ్చిందంటే తలలో ఒక పక్క సుత్తితో కొట్టినట్టు ఉంటుంది. వెలుతురు పడదు. వాసన పడదు. చప్పుడు పడదు. గోళీ వేసుకుని, కళ్ల మీద తడిగుడ్డ కప్పుకుని, చీకట్లో పడుకోవాలి.

నాన్న సదయ్య రెండో షిఫ్టు డ్యూటీకి బొగ్గుబాయికి వెళ్లాడు. ఇక ఇంట్లో పెద్దదిక్కు కెజియానే.

"అమ్మా, తగ్గిందా?" పరదా తీసి అడిగింది.

"పరదా వెయ్యి బిడ్డా."

కాసేపటికి మళ్లీ తల లోపలికి పెట్టింది. "ఇప్పుడు?"

"పోదామని బయలెల్లింది. నీ గొంతు విని మళ్ల కూసున్నది," అంది అమ్మ కళ్లు తెరవకుండానే.

కెజియా స్టూలు మీద కూర్చుని లెక్క వేసింది. పొద్దున తను ఒక్కతే ప్రార్థన చేసింది. నొప్పి తగ్గలేదు. దుకాణంలోకి రిబ్బన్లు కొనేటప్పుడు అమ్మ ఒక్కొక్కటిగా కొంటుందా? టోకున తెస్తుంది. అప్పుడే గిట్టుబాటు. ప్రార్థనా అంతే కావాలి. ఒక్కరు అడిగితే దేవుడు నింపాదిగా వింటాడు. పదిమంది ఒక్కసారి అడిగితే జల్ది వింటాడు.

పక్క దుకాణంలో హాజిరా కుట్టుమిషన్ ముందు చేతులు కట్టుకుని కూర్చుంది. 'ఈమెకు పని లేనట్టుంది' అనుకుంది కెజియా.

"హాజిరక్కా, జర దుకాణం చూస్తవా? ఇప్పుడే వస్త," అని వెనక సందులోని చర్చికి పరుగెత్తింది.

అక్కడ ఆడవాళ్లు క్రిస్మస్ పాటలు నేర్చుకుంటున్నారు. సంఘంలో పెద్దామె సారవ్వ అందరికీ పాడి చూపిస్తోంది.

"సారవ్వా, అమ్మకు తలకాయ బాగ నొస్తంది. అందరు వచ్చి ప్రార్థన చెయ్యాలె."

"ముందుగాల చెప్పొద్దా పిల్లా?" సారవ్వ అప్పుడే లేచింది. "నడువుండ్రి. కంజీర పట్టుకోండ్రి."

చిన్న గది నిండిపోయింది. పూల వాసన, తలనూనె వాసన.

"లైటెయ్యి బిడ్డా, మీ అమ్మ మొఖం కనవడ్తలేదు," అంది సారవ్వ.

కెజియా ట్యూబులైటు వేసింది. పాట మొదలైంది. చప్పట్లు, కంజీర. అమ్మ లేచి కూర్చుని చేతులు జోడించింది. 

డాక్టరమ్మ చప్పుడు వద్దన్నది. కానీ దేవుని పాట కూడా చప్పుడు లెక్కలోకే వస్తుందని కెజియాకు తట్టనే లేదు. ఎన్ని గొంతులు కలిశాయో విని మురిసిపోయింది. అంతలో అమ్మ కాళ్ల వైపు చూసింది. కాలివేళ్లు ముడుచుకుపోయి, మంచం మీది దుప్పటిని పట్టుకుని ఉన్నాయి.

అమ్మ బకెట్ అడిగింది. వాంతి అయింది. వేసుకున్న గోళీ కూడా బయటికి వచ్చేసింది.

"పోతంది, నొప్పంత పోతంది," అంటూ ఆడవాళ్లు ఇంకా గట్టిగా అందుకున్నారు.

పోవడం లేదు. అమ్మ ముఖం సున్నం కొట్టినట్టు తెల్లబడింది. కెజియా చెప్పబోయింది. ప్రార్థన చేసేవాళ్లతో ఆపండి అని ఎలా అంటుంది? 

ఆ సాయంత్రం దుకాణం మూసే ఉంది. గాజుల కోసం వచ్చినవాళ్లు మూలమలుపు వైపు నడిచారు.

మర్నాడు చర్చి నుంచి వచ్చాక అమ్మ గాజులు సర్దుతుంటే కెజియా పక్కన చేరింది.

"నేను నీ కోసమే పిలిచిన."

"నాకు తెల్వదా? వాళ్లు కూడ ప్రేమతోనే వచ్చిండ్రు. అందుకే ఏమనలే."

"మరి నాకన్న చెప్పొచ్చు కద?"

"ఏం కావాలె అని నువ్వు అడిగితే చెప్తుంటి. తగ్గిందా, తగ్గిందా అనుడే గని."

"ఏం కావాలె మరి?"

"హాజిరా ఇస్తది చూడు, అదే."

"హాజిరక్క ఏమిచ్చింది? నిన్న ఊకెనే కూసున్నది."

"ఊకెనే కాదు బిడ్డా. నడుమ ఒక్క గోడనే కద. నాకు నొప్పి వచ్చిందంటే ఆమె మిషన్ బంద్ పెడ్తది. ఎన్ని బట్టలు మీద వడ్డా సరే."

కెజియా గోడ వైపు చూసింది. అటువైపు కుప్పగా పడి ఉన్న బట్టలు నిన్న కళ్ల ముందే ఉన్నాయి. అప్పుడు అవి ఆమె లెక్కలోకి రాలేదు.

బుధవారం కెజియా బడి నుంచి వచ్చేసరికి వెనక గది పరదా వేసి ఉంది. ఓపెన్‌కాస్టు గనిలో బ్లాస్టింగు జరిగి పైకప్పు రేకులు గడగడలాడాయి. లోపల అమ్మ మూలిగింది.

ఈసారి కెజియా మంచం దగ్గర కూర్చుని గుసగుసగా అడిగింది. "ఏం కావాలె అమ్మా?"

"గోళీ ఏసుకున్న. గుడ్డ తడిపియ్యి. ఇగ చప్పుడు కానియ్యకు."

గుడ్డ తడిపి ఇచ్చింది. గాలికి గలగలమంటున్న గాజుల వరసల మధ్య పాత చున్నీ దోపింది. అంతలో సందు చివర కంజీర వినిపించింది. అమ్మకు మళ్లీ నొప్పి అని ఎవరు చెప్పారో గాని, సారవ్వ ముందు నడుస్తూ, వెనక ఆడవాళ్లతో వస్తోంది.

కెజియా లేచింది. మెట్టు దిగి ఎదురుగా నిలబడింది.

"సారవ్వా, ఇయ్యాల పాట వద్దు."

"ఏందే?"

"గింతంత పోరి, ప్రార్థన వద్దంటదా?" వెనక నుంచి ఎవరో అన్నారు.

"ప్రార్థన కావాలె. చప్పుడే వద్దు," అంది కెజియా. "మొన్న చప్పుడుకు అమ్మ గోళీ కూడ కక్కుకున్నది. పిలిచింది నేనే. మీకు చెప్పాల్సింది కూడ నేనే. అమ్మ మిమ్ముల ఏమనలే."

 ఇక సారవ్వ తమ గడప తొక్కదని కెజియాకు భయం వేసింది. సారవ్వ కంజీరను కొంగులో గట్టిగా చుట్టింది. చెప్పులు విడిచింది.

"మా ముసలాయన నైట్ డ్యూటీ చేసొచ్చి పగలు పండుకుంటే, ముప్పై ఏండ్లు గిన్నె చప్పుడు కాకుంట వండిన," అంది మెల్లగా. "గిది మాకు రాదా ఏంది? జరుగు."

అందరూ మెట్ల మీద కూర్చున్నారు. కళ్లు మూసుకున్నారు. పెదవులు మాత్రం కదిలాయి. బాయి పనివాళ్ల భార్యలు. ఆ పనితనం అందరికీ వచ్చు.

సాయంత్రం గిరాకి మొదలైంది. సారవ్వ లేచి, కెజియాతో కలిసి సైగలతో గాజులు చూపించింది. ఒకామె ధర తగ్గించమని గొంతు పెంచబోతే, సారవ్వ పెదవుల మీద వేలు పెట్టి గుడ్లురిమింది. వచ్చినామె సైగలతో చూపిన ధరే ఇచ్చి, చెప్పుల చప్పుడు కూడా కాకుండా వెళ్లిపోయింది. కెజియా నవ్వు ఆపుకోవడానికి జడ కొస కొరికింది.

దీపాలు పెట్టే వేళకు పరదా వెనక నుంచి మాట వినిపించింది.

"కెజియా, జర చాయ్ పెడ్తవా? బయట ఎవరన్న ఉన్నరా?"

"సారవ్వ వాళ్లు ఉన్నరు. ఎప్పుడో వచ్చిండ్రు."

"అవునా? నాకు వినవడనే లేదు. మంచిగ నిద్ర వట్టింది."

కెజియా పెద్ద గిన్నె తీసి, అడుగు చప్పుడు కాకుండా పొయ్యి మీద పెట్టింది. నీళ్లు కాగుతుంటే లెక్క చూసుకుంది. దుకాణం తెరిచే ఉంది. గిరాకి మలుపు దాటిపోలేదు. సారవ్వ అలగలేదు. అమ్మకు గోళీ కడుపులో నిలిచింది, కంటికి నిద్ర పట్టింది. అన్నీ పోను, మెట్ల మీద ఉన్న అందరికీ సరిపోయేంత చాయ్ మిగిలింది.