రాహుకాలంలో కదిలిన లారీ

శుక్రవారం పట్టపగలు, అంబాజీపేట కొబ్బరి కొట్ల వెనక ఏజెంట్ సాలమోనుని కాల్చి చంపారు. ప్రాణం పోయేముందు ఫోన్లో అతను చెప్పగలిగింది ఇంతే: "గన్నవరం అక్విడెక్టు... ఇవాళే... కొబ్బరి లారీలో బాంబు."

అమలాపురంలో ఎరువుల కొట్టు బోర్డు వెనకున్న సీక్రెట్ ఆఫీసులో ఆ మాట విన్న ఏజెంట్ బాపిరాజు పళ్ళు పటపటా నూరాడు. సాలమోను అతనితో ఒకే కంచంలో తిన్నవాడు. గోదావరి పాయ మీదుగా కాలవని దాటించే ఆ అక్విడెక్టు వంతెన కూలితే అవతలి ఊళ్ళకి కాలవ నీళ్ళుండవు.

చెక్‌పోస్టుల నుంచి ప్రతి లారీ సమాచారమూ JSON ఫైలుగా వస్తుంది. దాన్ని కాలమ్ డేటాబేస్‌లోకి ఎక్కించేది హెడ్డాఫీసు పంపిన ఎక్స్‌పర్ట్ ఇందిర. సిల్కు చీర, నల్ల కళ్ళద్దాలు, చేతిలో ఎప్పుడూ ఎర్ర లిప్‌స్టిక్.

"క్వెరీ కొట్టానండీ. అనుమానించాల్సిన లారీ ఒక్కటీ లేదు," అంది తాపీగా.

"ఏ టైముకి బయల్దేరేయో చూసేరా?"

"ఆ కాలమ్ ఖాళీగా ఉందండీ."

బాపిరాజు అసలు ఫైలు తెరిచాడు. 'ట్రిప్' అనే బ్రాకెట్ లోపల టైము భద్రంగా ఉంది. ఇందిర పై వివరాలను మాత్రమే కాలమ్‌లుగా విడదీసి, బ్రాకెట్ లోపలిదంతా ఒకే ముద్దగా పడేసింది.

"ఇదేం ఇంపోర్టండీ, నా శ్రాద్ధం! పనసకాయ కొయ్యకుండా తొనలు లేవంటారా? అడిగిన కాలమ్ ఒక్కటే చదివి చిటికెలో జవాబిచ్చే డేటాబేస్ ఇది. ఆ కాలమే లేకుండా చేస్తే అదేం చెప్తుందండీ?"

ట్రిప్ వివరాలు విడగొట్టి, దేని కాలమ్ దానికిచ్చి, ఫైళ్ళన్నీ మళ్ళీ ఎక్కించాడు. తర్వాత ఒకే ప్రశ్న అడిగాడు: ఇవాళ రాహుకాలంలో కదిలిన లారీలేవి?

ఇందిర పకపకా నవ్వింది. "గూఢచారులకి రాహుకాలమాండీ?"

"శుక్రవారం రాహుకాలంలో అంబాజీపేటలో ఏ ఓనరూ సరుకు లారీ కదపడండి. పరాయి దేశపోడికి ఆ సంగతి తెలీదు."

తెర మీద ఒకే ఒక్క లారీ నంబరు మెరిసింది.

ఇందిర నవ్వు ఆగిపోయింది. లిప్‌స్టిక్ మొన బాపిరాజు గుండెకేసి తిరిగింది. దాని చివర రంగు లేదు, తుపాకి గొట్టం ఉంది.

"ఛీ! సాలమోను ఎక్కడున్నాడో వాళ్ళకి చెప్పింది నువ్వేనన్నమాట!" కీబోర్డు ఎత్తి ఆమె మణికట్టు మీద కొట్టాడు. తూటా గోడలో దిగింది. ఆమెని బేడీలతో బల్లకాలికి బిగించి, వైర్‌లెస్ అందుకుని లారీ నంబరు చదివాడు.

"కురిడీ! కురిడీ!" లారీ ఆపమనడానికి అది కోడ్.

అక్విడెక్టు మొదట్లోనే, అక్కడ కాపున్న స్క్వాడ్ ఆ లారీని అడ్డగించింది. జీపులో దూసుకొచ్చిన బాపిరాజు కొబ్బరికాయలు రెండు చేతులా విసిరేస్తూ, తిట్టుకుంటూ, బాంబు దాకా తవ్వాడు. టైమరు చివరి అంకె మీదుండగా వైరు తెగింది.

కాసేపటికి హైదరాబాదు నుంచి చీఫ్ ఫోను. "వెల్‌డన్ బాపిరాజూ! ఇంతకీ నువ్వు రాహుకాలాన్ని నమ్ముతావేంటయ్యా?"

"లేదండి. నేను హెడ్డాఫీసుని నమ్మేనండి. సాలమోను కూడా అంతేనండి."